ఆఖరి పాట లేని గాయని

2025 అక్టోబరు 15 సాయంత్రం మీటింగులో ఉండగా మా ఆవిడ నుంచి వాట్సాప్‌లో ఒక వార్త వచ్చింది. రావు బాలసరస్వతీదేవి గారు హైదరాబాదులో చనిపోయారు, వయసు 97. కింద ఒక్క లైను రాసింది: "మన పాప ఉయ్యాల పాట."

మీటింగయ్యాక టీములో ఉన్న తెలుగువాళ్ళని అడిగి చూశా. ఎవరికీ తెలీదు. ఒకతను మాత్రం "భరతనాట్యం ఆవిడేనా?" అన్నాడు. ఆవిడ తంజావూరు బాలసరస్వతి, 1984లోనే పోయారు. ఈవిడ వేరు. తెలుగు సినిమాలో టైటిల్స్‌లో పేరు పడిన మొట్టమొదటి నేపథ్య గాయని. అంటే మనం ఇవాళ కారులో పెట్టుకు వినే సుశీల, జానకి, చిత్ర, సునీత వీళ్ళందరి ఉద్యోగానికీ మొదటి ఎంప్లాయీ అన్నమాట :)

నవ్వుకోవాల్సిన పనిలేదు, పదిహేనేళ్ళ క్రితం నాకూ తెలీదు. తెలిసింది మా ఊళ్ళో.

మాది ధర్మసాగర్. కాజీపేట జంక్షన్‌కి దగ్గర్లో, పెద్ద చెరువున్న ఊరు. మేం చదువుకునే రోజుల్లో వరంగల్ జిల్లా, ఇప్పుడు హనుమకొండ జిల్లా. ఇప్పుడు దేవాదుల పథకం పైపుల్లో గోదావరి నీళ్ళు వచ్చి పడేది మా చెరువులోకే. 2010లో, జపాన్ నుంచి తిరిగొచ్చిన కొత్తలో, మా పాపని ఉయ్యాల్లో వేసి నాయినమ్మ ఏదో జోలపాట పాడుతోంది. మా ఆవిడ ఆగి, ఎవరి పాట అనడిగింది. నేను నాకన్నీ తెలిసినట్టు "సుశీలది" అన్నా. పాత పాట, ఆడగొంతు అంటే మన డిఫాల్ట్ వాల్యూ అదే కదా.

నాయినమ్మ ఉయ్యాల ఆపకుండానే అంది: "సుశీల గాదుర. బాలసరస్వతి పాడింది. గామె జమీందారును చేసుకొని పాడుడు బందు వెట్టింది."

"ఎందుకు బందు పెట్టింది నాయినమ్మా?"

"పెండ్లయింది గద."

చెరువులో నీళ్ళెందుకున్నయి అంటే వానలు పడ్డయి గద అన్నంత మామూలుగా అంది. నేనూ సరేనని వదిలేసేవాణ్ణే. కానీ సరిగ్గా ఇవే రెండు మాటలు అంతకు రెండేళ్ళ ముందు వేరే దేశంలో, వేరే భాషలో విన్నా. అదీ ఒక గాయని గురించే.

2008లో యొకొహామాలో ఆన్‌సైట్. ప్రాజెక్టు రిలీజయిన రాత్రి అందరం కరవొకేకి వెళ్ళాం. మా డిపార్ట్‌మెంట్ పెద్దాయన, అందరూ 'బుచో' అని పిలిచేవాళ్ళు, యాభై దాటాయి, ఎప్పుడూ నవ్వి ఎరగడు. ఆయన మైకు తీసుకుని ఒక పాట ఎత్తుకున్నాడు. రెండో లైనుకి గదిలో ఉన్న పెద్దవాళ్ళంతా కలిశారు. పాట అయ్యాక కళ్ళజోడు తీసి తుడుచుకుంటున్నాడు. ఎవరిది అనడిగితే "యమగుచి మొమొయె" అన్నాడు. ఇప్పుడు పాడట్లేదా అన్నా. "1980లో మానేసింది. అప్పటికి ఇరవై ఒక్కేళ్ళు." ఎందుకు? "పెళ్ళి."

సరే, ఈ ఇద్దరి కథా పక్కపక్కన పెట్టి చూద్దాం. జపాన్ ఆవిడ కథ చిన్నది, ముందు అది.

జపాన్‌లో 'ఐదొరు' అనే మాట ఉంది. మన ఇంగ్లీషు ఐడల్‌కి వాళ్ళ పలుకుబడి. 1963లో ఫ్రాన్సులో ఒక సినిమా వచ్చింది, సిల్వీ వర్తాన్ అనే పిల్ల అందులో పాడింది. మరుసటేడు అది జపాన్‌లో ఆడి, ఆ సినిమా పేరులోని మాట అక్కడ వాడుకలోకి వచ్చిందంటారు. ఐదొరు అంటే మామూలు గాయని కాదు. పదమూడు పద్నాలుగేళ్ళ పిల్లని ఎంచుకుని, ఏజెన్సీ వాళ్ళు తర్ఫీదిచ్చి, పాటా, బట్టలూ, మాట్లాడే తీరూ అన్నీ తామే నిర్ణయించి జనం ముందు నిలబెడతారు. పాట బాగుండటం ఒక్కటే కాదు, ఆ పిల్ల జనం కళ్ళముందు పెరగాలి. పాడాలి, నటించాలి, ప్రకటనల్లో కనపడాలి. గొంతూ మొహమూ పేరూ అన్నీ కలిపి ఒకటే ప్రాడక్టు, విడగొట్టి అమ్మరు.

1971లో నిప్పాన్ టీవీలో 'స్టార్ తంజో' అని ఒక పోటీ మొదలైంది. ఫైనల్లో ఏజెన్సీల వాళ్ళు కింద కూర్చుంటారు. పిల్ల పాడాక, కావాలనుకున్న కంపెనీ తన పేరున్న బోర్డు పైకెత్తుతుంది. అచ్చం మన క్యాంపస్ ప్లేస్‌మెంటే. 1972లో అలా బోర్డులు లేచినవాళ్ళలో యొకొసుకాలో పెరిగిన మొమొయె ఒకతి. 1973 మే నెలలో మొదటి రికార్డు, అప్పటికి పద్నాలుగేళ్ళు. 1974 చివర్లో కవబాత కథతో తీసిన 'ఇజు నర్తకి' సినిమాలో హీరోయిన్. పక్కన హీరో మియురా తొమొకజు.

మొదట్లో అందరు ఐదొరుల్లాగే కంపెనీ ఇచ్చింది పాడింది. 1976లో మాత్రం తనకి నచ్చిన జంట, అకి యొకొ అనే రచయిత్రి, ఉజకి ర్యూదొ అనే సంగీత దర్శకుడు, వీళ్ళ పాటలు కావాలని తనే అడిగిందంటారు. అక్కణ్ణుంచి ఆ గొంతుకొక పెద్దరికం వచ్చింది. 1979లో కచేరీ వేదిక మీదే, తను ప్రేమించిన మనిషి మియురా అని ప్రకటించింది. 1980 మార్చిలో పెళ్ళి, పాటకి సెలవు, రెండూ కలిపి చెప్పింది. అక్కణ్ణుంచి ఏడు నెలలు పద్ధతిగా పనులన్నీ ముగించుకుంది. సెప్టెంబరులో ఆత్మకథ వచ్చింది. తండ్రి తోడు లేని ఇంట్లో తల్లి పడ్డ కష్టం చూస్తూ పెరిగిన పిల్ల, తనకో ఇల్లు ఎందుకు అంత ముఖ్యమో అందులో తనే రాసుకుంది. అక్టోబరు 5న టోక్యో బుదొకాన్‌లో చివరి కచేరీ. ఆఖరి పాట అయ్యాక తెల్ల మైకుని వేదిక మీద పెట్టేసి లోపలికి వెళ్ళిపోయింది. నవంబరులో పెళ్ళి. నలభై ఐదేళ్ళు దాటింది, మళ్ళీ వేదిక ఎక్కలేదు. 2019లో ఒక పుస్తకం వేసింది, పాటల గురించి కాదు, తను కుట్టిన బొంతల గురించి!

మన భాషలో చెప్పాలంటే ఏడు నెలల నోటీస్ పీరియడ్, పక్కా హ్యాండోవర్, రిలీవింగ్ లెటర్ మీద సొంత సంతకం. మా బుచోకి బాధ ఉంది గానీ, సందేహం లేదు. ఆఖరి రోజు ఏదో ఆయనకి తారీఖుతో సహా తెలుసు.

ఇప్పుడు మన బాలసరస్వతి దగ్గరికి వద్దాం.

1928లో పుట్టారు. ఆలత్తూరు సుబ్బయ్య దగ్గర సంగీతం నేర్చుకున్నారు. ఆరేళ్ళ వయసులో హెచ్.ఎం.వి. వాళ్ళు ఆవిడ చేత సోలో గ్రామఫోన్ రికార్డు ఇప్పించారు. ఆరేళ్ళకి! మన పిల్లలు ఆ వయసులో ఒకటో తరగతి. ఆ రోజుల్లో రికార్డంటే నిమిషానికి 78 చుట్లు తిరిగే లక్క పళ్ళెం. ఒక్కో వైపు మూడు నిమిషాల చిల్లర. తప్పు పడితే కత్తిరించి అతికించడానికి టేపు లేదు, మొదట్నుంచీ మళ్ళీ పాడాలి. అన్‌డూ బటన్ లేని ఎడిటర్‌లో కోడ్ రాసినట్టు. కంపెనీ ఆరేళ్ళ పిల్ల మీద మైనం ఖర్చు పెట్టిందంటే ఆ గొంతు మీద ఎంత నమ్మకమో ఊహించుకోండి.

1936లో సి. పుల్లయ్య గారు 'సతీ అనసూయ', 'ధ్రువ విజయం' అని రెండు సినిమాలు తీశారు, అంతా పిల్లలతోనే. అందులో ఈ చిన్నపిల్లకి వేషం దొరికింది. ఆ వెంటనే తమిళంలో దర్శకుడు కె. సుబ్రహ్మణ్యం 'భక్త కుచేల'కి తీసుకున్నారు. 1939లో త్యాగరాజ భాగవతార్ హీరోగా వచ్చిన 'తిరునీలకంఠర్'లో కూడా ఉన్నారు. భాగవతార్ అంటే తమిళనాట అప్పటి మొదటి సూపర్‌స్టార్. 1940లో గూడవల్లి రామబ్రహ్మం గారి 'ఇల్లాలు'. అందులో కాంచనమాల హీరోయిన్, సంగీతం సాలూరి రాజేశ్వరరావు. కుర్ర రాజేశ్వరరావు, ఈ పన్నెండేళ్ళ పిల్ల ఇద్దరూ తెరమీద కూడా కనిపించారు. ఆ తర్వాత ఇద్దరి గొంతులూ కలిసిన యుగళగీతాలు గ్రామఫోన్ రికార్డులుగా ఇంటింటికీ వెళ్ళాయి. అవి సినిమా పాటలు కావు, విడిగా పాడిన లలిత గీతాలు. 1938లో మొదలైన మద్రాసు రేడియోలో లలిత సంగీతం పాడిన తొలి గొంతుల్లోనూ ఆవిడే.

లెక్క చూడండి. పన్నెండేళ్ళు నిండేసరికి రికార్డు, సినిమా, రేడియో, మూడు మీడియాలూ, రెండు భాషలూ. జనం కళ్ళముందు పెరిగిన పిల్ల. జపాన్ వాడు ఐదొరు అనే మాట నేర్చుకోడానికి ఇరవై నాలుగేళ్ళ ముందే మనకి ఐదొరు ఉంది. మాట లేదంతే.

ఇక్కడ కొంచెం టెక్నాలజీ చెప్పుకోవాలి, ఎందుకంటే ఈవిడ కథంతా దానిమీదే నడిచింది.

మొదటి టాకీల్లో పాట ఎలా తీసేవాళ్ళో తెలుసుగా. కెమెరా తిరుగుతుండగానే నటుడు పాడాలి. వాద్యాల వాళ్ళు చెట్టు వెనకో, కెమెరాకి అందకుండా పక్కనో కూర్చుని వాయించాలి. బొమ్మ, గొంతు రెండూ ఒకే టేకులో. అందుకే పాడగలిగినవాళ్ళే నటులు. నాటకాల నుంచి వచ్చినవాళ్ళకి, బాలసరస్వతి లాంటి పిల్లలకి అందుకే అంత గిరాకీ. మన పరిభాషలో టైట్లీ కపుల్డ్ సిస్టమ్. గొంతు బాగాలేకపోతే మొహం ఎంత బాగున్నా రిలీజ్ ఆగిపోతుంది.

ప్లేబ్యాక్ వచ్చి ఆ రెంటినీ విడగొట్టింది. ముందు పాట రికార్డు చేసి, షూటింగులో దాన్ని వాయిస్తూ పెదాలు కలిపించడం. తెలుగులో ఇది పేరుపెట్టి, టైటిల్స్‌లో చూపించి చేసింది 1943లో, చిత్తూరు నాగయ్య గారు నిర్మించిన 'భాగ్యలక్ష్మి'లో. దర్శకుడు పి. పుల్లయ్య, సంగీతం భీమవరపు నరసింహారావు. తెర మీద కమలా కోట్నీస్. గొంతు బాలసరస్వతిది. తనే తెరమీద పాడి ఆడగలిగిన పద్నాలుగేళ్ళ స్టారు, ఇంకో నటికి గొంతు అరువిచ్చింది. ఆ రోజు స్టూడియోలో ఎవరికీ అదో చరిత్ర అని అనిపించి ఉండదు. మన ప్రొడక్షన్‌లో కూడా అంతే, తర్వాత అన్నీ ఆధారపడే మార్పు ఏదో శుక్రవారం సాయంత్రం ఎవడో చెకిన్ చేసి వెళ్ళిపోతాడు.

మరుసటేడు, 1944లో పెళ్ళి. వరుడు కోలంక జమీందారు. వధువుకి పదిహేనో పదహారో.

నటన అక్కడితో ఆగింది. జమీందారు గారి ఇంటావిడ మొహానికి రంగేసుకుని తెరమీద కనపడటం కుదరదు కదా. కానీ పాట ఆగలేదు! ఎందుకు ఆగలేదంటే, ఏడాది ముందు తన గొంతుతోనే మొదలైన ఆ టెక్నాలజీ వల్ల. మొహం కోటలో ఉన్నా గొంతు బయటికి రావొచ్చు. వర్క్ ఫ్రం హోమ్ అనలేం గానీ, దాదాపు అలాంటిదే. అలా ఇంకో పద్నాలుగేళ్ళు సినిమాలకి పాడారు. 1953 'దేవదాసు'లో చంద్రముఖి నాట్యానికి వచ్చే క్షేత్రయ్య పదం గుర్తుందా? తెరమీద లలిత, వెనక బాలసరస్వతి. 1958లో ఘంటసాల సంగీతంతో 'మంచి మనసుకు మంచి రోజులు'. మా నాయినమ్మ పాడిన జోలపాట అందులోదే.

ఆ తర్వాత ఆ గొంతు సినిమాల్లోంచి దాదాపు మాయమైంది.

సినిమాల్లో పాడటం భర్తకి ఇష్టం లేకపోయిందని ఆవిడ చివరి రోజుల్లో వచ్చిన ఇంటర్వ్యూల్లో చదివాం. అది ఒక కారణం. రెండోది నాకు తోచినది. ప్లేబ్యాక్ ఆవిడకి పెళ్ళయ్యాక కూడా పని దొరికేలా చేసింది, నిజమే. కానీ అదే ప్లేబ్యాక్ ఆవిణ్ణి మార్చేయగలిగే పార్టు కూడా చేసింది. తెరమీద మొహం ఉంటే, ఆ మొహం మానేసిన రోజు జనం అడుగుతారు, ఏమైందని. తెర వెనక గొంతు మానేస్తే ఎవరు అడుగుతారు? నిర్మాతకి ఒక ఫోన్ కాల్ దూరంలో ఇంకో గొంతుంది. పి. లీల, జిక్కి అప్పటికే ఉన్నారు. 1953లో సుశీల వచ్చారు, 1957లో జానకి వచ్చారు. వాళ్ళు మహానుభావులు, సందేహం లేదు. వాళ్ళు రావడం వల్ల ఈవిడ పోలేదు. ఈవిడ పోయిన చోటు ఖాళీగా కనపడకుండా వాళ్ళ గొంతులు నిండిపోయాయి, అంతే. నాలాంటి వాడు జోలపాట వినగానే "సుశీలది" అనేంతగా.

మొమొయెకి ఆ ప్రమాదం లేదు. ఐదొరు పద్ధతిలో గొంతూ మొహమూ విడదీయరు గనక మానేస్తే అంతా ఒకేసారి మానేయాలి. అందుకే బుదొకాన్, తెల్ల మైకు, దేశమంతా టీవీ ముందు. బాలసరస్వతికి బుదొకాన్ లేదు. ఇది నా ఆఖరి పాట అని చెప్పి పాడిన పాట లేదు. 1979లో విజయనిర్మల గారి 'సంఘం చెక్కిన శిల్పాలు'లో రమేశ్ నాయుడు సంగీతంలో మళ్ళీ ఒకసారి పాడారు కూడా. అంటే పూర్తిగా మానేశారనీ చెప్పలేం. అసలు ఏ రోజు రాజీనామా చేసినట్టు? లాస్ట్ వర్కింగ్ డే ఏది? రికార్డులో ఆ తారీఖు లేదు.

ఇక్కడ మీకో అనుమానం రావొచ్చు. ఆ రోజులే అంత కదా, అందరూ అలాగే మానేశారు కదా అని. కాదండీ. భానుమతి గారిని చూడండి. బాలసరస్వతి పెళ్ళికి ఏడాది ముందు, 1943లో, అసిస్టెంట్ డైరెక్టర్ రామకృష్ణ గారిని ప్రేమించి పెళ్ళి చేసుకున్నారు. ఆవిడ కూడా ఇంక సినిమాలు చాలనుకున్నారు. బి.ఎన్. రెడ్డి గారు వెంటపడి అడిగితే 'స్వర్గసీమ'లో (1945) చేశారు. అది పెద్ద హిట్టు. ఆ తర్వాత భార్యాభర్తలిద్దరూ కొడుకు పేరుతో భరణీ పిక్చర్స్ పెట్టారు. 1953లో 'చండీరాణి'ని తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లో ఆవిడే డైరెక్ట్ చేశారు. అదే కాలం, అవే కట్టుబాట్లు, దాదాపు అదే ఏడాది పెళ్ళి. ఆ జమీందారు గారి ఇంట్లో ఏమనుకున్నారో, ఈ అసిస్టెంట్ డైరెక్టర్ గారి ఇంట్లో ఏమనుకున్నారో, తేడా అక్కడుంది. కాలం మీద నెపం వేసి మనం తప్పించుకోలేం.

జపాన్‌లోనూ అంతే. మొమొయె మైకు పెట్టేసిన అదే 1980లో మత్సుదా సెయికొ అనే ఇంకో ఐదొరు మొదటి రికార్డు ఇచ్చింది. ఆమె 1985లో పెళ్ళి చేసుకుంది, మరుసటేడు కూతురు, ఆ వెంటనే మళ్ళీ వేదిక మీదకి. పత్రికల వాళ్ళు అమ్మా ఐదొరూ రెండూ కలిపి 'మమదొరు' అని పేరు పెట్టారు. తిట్టారు, మెచ్చుకున్నారు, ఆమె మాత్రం పాడుతూనే ఉంది.

అయినా మొమొయె గురించి ఎవరైనా "చూడండి, అంత పేరు వదిలేసి ఇల్లు చూసుకుంది, ఆదర్శ స్త్రీ" అంటే నాకు కొంచెం మంట. వాళ్ళ ఆఫీసుల్లో దీనికి ఒక మాటే ఉంది, 'కొతొబుకి తైషా'. శుభమా అని పెళ్ళి చేసుకుని కంపెనీ వదిలెళ్ళడం. పేరు ఎంత మంగళకరంగా ఉన్నా, ఒకప్పుడు చాలా కంపెనీల్లో ఇది ఆడవాళ్ళ ఇష్టం కాదు, రూలు. పెళ్ళయితే రాజీనామా చేస్తానని చేరేటప్పుడే రాయించుకునేవాళ్ళు. సుమితొమొ సిమెంట్‌లో పనిచేసిన ఒకావిడ కోర్టుకెళ్తే, 1966లో టోక్యో జిల్లా కోర్టు అలాంటి షరతు చెల్లదంది. మనమేం తక్కువ తినలేదు. పెళ్ళి చేసుకోవాలంటే ఆడ ఐ.ఎఫ్.ఎస్. ఆఫీసరు ప్రభుత్వం అనుమతి తీసుకోవాలన్న రూలు మనకీ ఉండేది. దాన్ని సి.బి. ముత్తమ్మ గారు సుప్రీంకోర్టుకి లాగారు, 1979లో కోర్టు ఆ రూల్సుని గట్టిగా మందలించింది. మొదటి గర్భం రాగానే ఎయిర్ హోస్టెస్‌ని ఉద్యోగంలోంచి తీసేసే రూలుని 1981లో కొట్టేసింది.

అంటే రూలు ఉన్నచోట కోర్టుకెళ్ళొచ్చు, గెలవొచ్చు. రూలు లేనిచోటే కష్టం. "పెండ్లయింది గద" అన్నదాని మీద ఏ కోర్టులో వేస్తాం?

మొమొయె ఇరవై ఒక్కేళ్ళకి మానేయడం నాకు తప్పుగా అనిపించదు. మానేస్తున్నానని తనే చెప్పింది, ఎందుకో తనే రాసింది, ఏ పాటతో ఆపాలో తనే ఎంచుకుంది. పాడటం ఎంత హక్కో మానేయడం అంతే హక్కు. బాలసరస్వతి విషయంలో నాకు గుచ్చుకునేది ఆవిడ మానేయడం కాదు. మానేయడంలో ఆవిడ మాట ఎంత ఉందో మనకి వినపడకపోవడం. అంత బాగా రికార్డయిన గొంతు అది. ఆరేళ్ళ వయసు నుంచీ మైకు ముందే ఉంది. ఆ ఒక్క మాటే ఏ రికార్డులోనూ లేదు.

ఇంకో విచిత్రం. ఏ హోదా కోసం ఆ పాట ఆగిందో, ఆ హోదాని 1948లో మద్రాసు ప్రభుత్వం చట్టం చేసి తీసేసింది. జమీందారీలు పోయాయి. కోలంక ఎక్కడుందో మీలో చాలామంది మ్యాపులో వెతకాలి. మూడు నిమిషాల లక్క పళ్ళేల మీది గొంతు మాత్రం, జమీందారీ ఎప్పుడూ చేరని నిజాం రాజ్యపు ఊళ్ళో, చదువురాని ఒక ముసలమ్మ నోట, 2010 దాకా వచ్చింది. మా పాప నిద్రపోయింది.

ఇక్కడితో ఆపేద్దామనే అనుకున్నా. కానీ ఇందాక ఒక విషయం దాటేశా.

యొకొహామాకి నేను ఒక్కణ్ణే వెళ్ళలేదు. మా ఆవిడ కూడా వచ్చింది, డిపెండెంట్ వీసా మీద. అంతకు ముందు హైదరాబాదులో టెస్టింగ్‌లో నాలుగేళ్ళ అనుభవం. నాకంటే మంచి రేటింగులే వచ్చేవి, ఇది ఒప్పుకోడానికి నాకేం నామోషీ లేదు. ఆన్‌సైట్ వచ్చింది, ఇద్దరం సంతోషించాం, తను రిజైన్ చేసింది. చర్చ జరిగిందా అంటే, ఏ సూట్‌కేసు ఎన్ని కేజీలు అన్నదాని మీద జరిగింది. తర్వాత పాప. మళ్ళీ ఉద్యోగంలో చేరేసరికి ఏడేళ్ళు పట్టింది. అప్పటికి మాన్యువల్ టెస్టింగ్ ఎవరూ అడగట్లేదు. రాత్రిళ్ళు కూర్చుని ఆటోమేషన్ నేర్చుకుని, తనకంటే ఆరేళ్ళు చిన్న లీడ్ కింద చేరింది. ఇప్పుడు బాగానే ఉంది. ఎప్పుడూ ఒక్క మాట అనలేదు.

బాలసరస్వతి గారు పోయిన రాత్రి ఇంటికొచ్చి ఇదంతా తనకి చెప్పా. బుదొకాన్, తెల్ల మైకు, రికార్డులో లేని తారీఖు, లాస్ట్ వర్కింగ్ డే పోలిక, అన్నీ. ఆ పోలిక నాకు బాగా కుదిరిందనిపించింది, కొంచెం గర్వంగానే చెప్పా. తను పూర్తిగా విని, గిన్నెలు సర్దుతూ అడిగింది:

"బానే ఉంది గానీ, నా లాస్ట్ వర్కింగ్ డే ఎప్పుడో చెప్పండి చూద్దాం?"

నా జాయినింగ్ డేట్లు, వీసా డేట్లు, యొకొహామా విమానం టైముతో సహా గుర్తున్నాయి. అది గుర్తులేదు. నెల కూడా చెప్పలేకపోయా.

పక్కగదిలోంచి మా అమ్మాయి వింటోంది. వచ్చే ఏడాది ఇంటర్ అయిపోతుంది. "ఎప్పుడమ్మా?" అంది.

వాళ్ళమ్మ తారీఖు చెప్పింది. వారం కూడా చెప్పింది, శుక్రవారమట. ఆ రోజు టీము వాళ్ళు కేకు కోయించారట, తనకి ఏడుపొచ్చి బాత్రూంలోకి వెళ్ళిందట. ఇన్నేళ్ళకి మొదటిసారి విన్నా.

ఆ తారీఖు ఇక్కడ రాయను. నేను మాత్రం రాసి పెట్టుకున్నా.